రేటు పెరిగితేనే ఆలుగడ్డ వార్త అవుతుందా?

ఎడిటర్ గారికి నమస్కారం.

ఆలుగడ్డ కిలోకి ఐదు రూపాయలు పెరిగిందంటే చాలు, మొదటి పేజీలో పెద్ద హెడ్డింగ్ వస్తుంది. అదే ఫిబ్రవరిలో రైతు దగ్గర క్వింటా ధర సగానికి పడిపోతే జిల్లా ఎడిషన్‌లో ఓ మూలన నాలుగు లైన్లు రావడం కూడా కష్టమే. ఇది మీ ఒక్క పేపర్ మీద కంప్లైంట్ కాదు, అన్ని పేపర్లూ టీవీలూ ఇంతే. కానీ నేను రోజూ చదివేది మీ పేపర్ కాబట్టి మీకే రాస్తున్నాను.

అసలు మన దగ్గర ఆలుగడ్డ రేటు మన దగ్గర తేలదు. దేశంలో ఏటా 570 లక్షల టన్నులకు అటూఇటూ పండితే అందులో దాదాపు సగం ఉత్తరప్రదేశ్, పశ్చిమ బెంగాల్ రెండు రాష్ట్రాలదే. అక్కడ అక్టోబర్, నవంబర్‌లలో వేస్తారు, ఫిబ్రవరి, మార్చి కల్లా తవ్వేస్తారు. అంత పంటా ఒకేసారి వచ్చి పడుతుంది కాబట్టి రైతు కొంత అప్పటికప్పుడు అమ్ముకుని మిగతాది కోల్డ్ స్టోరేజీలో పెడతాడు, ఇక నవంబర్ దాకా దేశమంతా ఎక్కువగా తినేది అక్కడి నుంచి కొద్దికొద్దిగా బయటికి వచ్చే సరుకే. అంటే ఆగస్టులో మన ఇంట్లో కూరకు ఎంత పెట్టాలో ఏప్రిల్‌లో యూపీలోని ఆగ్రా, బెంగాల్‌లోని హుగ్లీ కోల్డ్ స్టోరేజీ గోదాముల్లో ఎన్ని బస్తాలు చేరాయన్నదాన్ని బట్టే చాలావరకు తేలిపోతుంది. ఆ లెక్క పెద్ద వ్యాపారులకు ముందే తెలుస్తుంది, రైతుకీ కొనేవాడికీ తెలియదు. మీ పేపర్లో ఆ లెక్క నేను ఎప్పుడూ చూడలేదు.

మా జహీరాబాద్ వైపు పండే ఆలుగడ్డ కూడా దాదాపు ఆ సమయంలోనే చేతికొస్తుంది. విత్తనం ఉత్తరాది నుంచి తెచ్చుకోవాలి, ముందు ఏడాది రేటు బాగుంటే ఆ విత్తనం కూడా మండిపోతుంది, రేటు బాగుందని అందరూ ఓ ఎకరం ఎక్కువే వేస్తారు, తీరా తవ్వేసరికి ఉత్తరాది లారీలు దిగిపోయి ఉంటాయి. ఖరీదైన విత్తనంతో పండించి చవగ్గా అమ్ముకోవడం అనేది ఒక ఏడాది దురదృష్టం కాదు, పద్ధతి ప్రకారం మళ్లీ మళ్లీ జరిగేదే. యార్డుకు తెచ్చాక చిన్నవి వేరు, ఎండ తగిలి పచ్చబారినవి వేరు, తవ్వేటప్పుడు దెబ్బతిని తెగినవి వేరు అని పక్కకు తీసేస్తారు. మిగిలినదాంట్లో లారీ కిరాయి, హమాలీ, కమీషన్, తరుగు పోతాయి. చివరికి చేతికి వచ్చే తక్‌పట్టీలో, అంటే ఖర్చులన్నీ తీసేసి ఇచ్చే అమ్మకం చీటీలో, ఎంతుంటుందో పేపర్ చదివేవాళ్లకు ఎలా తెలుస్తుంది చెప్పండి?

2024 అక్టోబర్‌లో రిజర్వ్ బ్యాంక్ బయటపెట్టిన ఒక అధ్యయనం ప్రకారం వినియోగదారుడు ఆలుగడ్డకు పెట్టే రూపాయిలో రైతుకు చేరేది సుమారు 37 పైసలు. మిగతా 63 పైసలూ దళారులే మింగేస్తున్నారని నేను అనను. రవాణా ఖర్చు, గోదాం అద్దె, కుళ్లిపోయే సరుకు, వీధి చివర బండి పెట్టుకునే మనిషి కూలీ అన్నీ అందులోనే ఉన్నాయి. కానీ రిటైల్ రేటు ఒక్కటే చూపించి హెడ్డింగ్ పెడితే ఆ డబ్బంతా రైతుకు పోతోందనే అనుకుంటారు, నాకు తెలిసినాయన ఒకాయన అలాగే అనుకున్నాడు.

ప్రభుత్వాలూ ఒక కంటితోనే చూస్తున్నాయి. 2020 చివర్లో రేటు పెరగ్గానే కేంద్రం దిగుమతి సుంకం 30 శాతం నుంచి 10 శాతానికి తగ్గించి 10 లక్షల టన్నుల దాకా తెచ్చుకోవచ్చంది, భూటాన్ నుంచి లైసెన్స్ లేకుండా రానిచ్చింది. 2024లో బెంగాల్ ప్రభుత్వం సరిహద్దుల్లో లారీలు ఆపేస్తే ఒడిశాలో జనం ఇబ్బంది పడ్డారు, అటు బెంగాల్ రైతుకు బయటి మార్కెట్ పోయింది. రేటు పెరిగితే వారాల్లో ఆర్డర్లు వస్తాయి. మరి పడిపోతే? 2017లో యూపీలో గోదాం అద్దె కట్టినా గిట్టుబాటు కాని పరిస్థితి వచ్చి రైతులు సరుకు తీసుకోవడానికే రాలేదు, గోదాముల వాళ్లు దాన్ని బయట పారబోశారు. ఆ ఏడాది అక్కడి ప్రభుత్వం క్వింటాకు 487 రూపాయలకు కొంటామంది, అయినా 2018 జనవరిలో రైతులు లక్నోలో అసెంబ్లీ ముందు ఆలుగడ్డలు పోసి వెళ్లారు. 2018 కేంద్ర బడ్జెట్‌లోనే టమాటా, ఉల్లి, ఆలుగడ్డ కోసం 500 కోట్లతో ఆపరేషన్ గ్రీన్స్ అనే పథకం ప్రకటించారు. ఆలుగడ్డకు మాత్రం ఈరోజుకీ కేంద్రం మద్దతు ధర లేదు.

చేయలేనిదేం కాదు. కేరళ 2020లో కర్రపెండలం, ఆలుగడ్డ, క్యారెట్, బీట్‌రూట్ సహా 16 రకాలకు సాగు ఖర్చు మీద 20 శాతం కలిపి కనీస ధర పెట్టింది. కర్రపెండలానికి కిలో 12 రూపాయలన్నారు. హర్యానాలో ధర తగ్గితే ఆ తేడాను రైతుకు ఇచ్చే పథకం ఉంది. పంట వేసే ముందే ఈ ధర ఖాయం అని చెప్పడం ఒకటి, మునిగాక సాయం ప్రకటించడం వేరొకటి. 2025లో ఏపీ ప్రభుత్వం వాళ్లు కర్నూలు ఉల్లి రైతులకు హెక్టారుకు 50 వేలు ఇస్తామన్నారు, మంచిదే, కానీ రేటు పడిపోయాక కదా ఆ మాట వచ్చింది.

ఇంకో మాట. "నిరుటితో పోలిస్తే రెట్టింపు" అని రాస్తుంటారు. నిరుడు రైతు ఖర్చు కూడా రాని రేటుంటే దానికి రెట్టింపు అనేది మామూలు రేటే అయ్యుండొచ్చు. ఒక్క ఏడాదితో కాకుండా గత నాలుగైదేళ్లలో అదే నెల సగటుతో పోల్చి రాయండి, టెన్షన్ సగం తగ్గుతుంది.

మార్కెట్ ధరల కాలమ్‌లో రిటైల్ రేటు పక్కనే హైదరాబాద్ బోయిన్‌పల్లి యార్డులో ఆ రోజు ఎక్కువ సరుకు ఏ రేటుకు అమ్ముడైందో, ఎన్ని క్వింటాళ్లు వచ్చిందో కూడా వేయండి. మార్కెట్ యార్డుల రేట్లు కేంద్ర ప్రభుత్వ వెబ్‌సైట్ అగ్‌మార్క్‌నెట్‌లో ఎవరైనా చూసుకోవచ్చు, కొత్తగా సేకరించే పని లేదు. ఏప్రిల్‌లో యూపీ, బెంగాల్ గోదాముల నిల్వ మీద ఒక వార్త రాయండి. వచ్చే ఫిబ్రవరిలో మా వైపు తవ్వకాలు మొదలవగానే ఒక విలేకరిని పంపి, రైతు ఒప్పుకుంటే పేరు చెరిపేసి అతని తక్‌పట్టీని, అదే రోజు హైదరాబాద్‌లో కూరగాయల షాపు రేటునీ పక్కపక్కన మొదటి పేజీలో అచ్చు వేయండి.

ఇట్లు,
జహీరాబాద్ ప్రాంతపు పాఠకుడు