ఫీజు తేలకుండానే ఆప్షన్లా?

సంపాదకుడు గారికి,

తెలంగాణలో ఇంజినీరింగ్ ఫీజులపై కాలేజీ యాజమాన్యాలు మళ్లీ హైకోర్టుకెక్కాయని పోయిన వారం మీరు వేసిన వార్త చదివితే తప్పంతా కాలేజీలదే అనిపిస్తుంది. వాటి ఆశ గురించి కొత్తగా చెప్పేదేమీ లేదు. ఆ పిటిషన్లకు ముహూర్తం పెడుతున్నది మాత్రం ప్రభుత్వమే.

ఫీజుల నియంత్రణ కమిటీ మూడేళ్ల బ్లాకుకు ఒకసారి ఫీజు ఖరారు చేస్తుంది. అంటే ఏ బ్లాకు ఎప్పుడు ముగుస్తుందో మూడేళ్ల ముందే అందరికీ తెలుసు. అయినా 2022-25 బ్లాకు ముగిసినప్పుడు ఏం జరిగింది? కాలేజీల నుంచి లెక్కలు తీసుకుని, యాజమాన్యాలను పిలిచి విచారించి, చివరికి ప్రవేశాల కౌన్సెలింగ్‌కు స్లాట్ బుకింగ్ మొదలయ్యాక 2025 జూన్ 30న పాత ఫీజులే కొనసాగుతాయని జీవో ఇచ్చారు. దానిమీద కాలేజీలు కోర్టుకు పోకుండా ఉంటాయా? మే నెలంతా హైకోర్టుకు వేసవి సెలవులు. జూన్, జూలైల్లో కేసు పడితే సర్కారు వకీలు కౌంటరుకు గడువు అడుగుతారు. విద్యార్థులు కాలేజీలు ఎంచుకునే వెబ్ ఆప్షన్ల గడువు మాత్రం ఎవరి కోసమూ ఆగదు. ఆ సందులోంచి ఎక్కువ ఫీజు వసూలుకు ఏ మధ్యంతర ఉత్తర్వు వచ్చినా భారం పిల్లల మీదే.

వాసవి కాలేజీ కేసు అధికారులు మరిచిపోయి ఉంటారు. 2016-19 బ్లాకుకు కమిటీ ఏడాదికి 86 వేలు సిఫారసు చేస్తే హైకోర్టు 1.60 లక్షలు చేసింది. ఫీజు నిర్ణయించడం కోర్టు పని కాదు, కమిటీ పని అని సుప్రీంకోర్టు చెప్పేసరికి 2019 జూలై 1 వచ్చింది. అప్పటికి బ్లాకే అయిపోయింది! ప్రవేశ పరీక్షలో పదివేల పైన ర్యాంకు వచ్చిన బీసీ విద్యార్థికి ప్రభుత్వమిచ్చే ఫీజు రీయింబర్స్‌మెంట్ 35 వేలే. 86 వేలైతే చేతి నుంచి పడేది 51 వేలు, 1.60 లక్షలైతే 1.25 లక్షలు. చేరినప్పటి ఫీజే నాలుగేళ్లూ వర్తిస్తుంది కాబట్టి తేడా దాదాపు మూడు లక్షలు. ఆ రీయింబర్స్‌మెంట్ అయినా సమయానికి విడుదల చేస్తారా అంటే, ఆ కథ వేరే. బకాయిల సాకుతో సర్టిఫికెట్లు ఆపేసే కాలేజీలను అడిగే నాథుడు లేడు.

కాలేజీలకు యూనివర్సిటీ ఇచ్చే గుర్తింపు, అంటే అఫిలియేషన్ల తంతూ ఇదే. సాంకేతిక విద్యకు జాతీయ మండలి అయిన ఏఐసీటీఈ అనుమతులు ఏప్రిల్ 10లోగా, యూనివర్సిటీ గుర్తింపు మే 15లోగా ముగించాలని పార్శ్వనాథ్ ట్రస్టు కేసులో సుప్రీంకోర్టు 2012లోనే తేదీలు వేసి మరీ ఇచ్చింది. రెండేళ్లు తిరక్కుండానే, 2014 ఆగస్టులో, సరిగ్గా కౌన్సెలింగ్ వేళకు వందకు పైగా కాలేజీలకు జేఎన్‌టీయూ హైదరాబాద్ గుర్తింపు ఆపింది. ల్యాబులు లేవు, అధ్యాపకులు లేరు అన్నారు. నిజమే కావచ్చు, కానీ అవి ఆగస్టులోనే మాయమయ్యాయా? తనిఖీ నివేదిక మార్చిలోనే బయటపెడితే లోపాలు సరిదిద్దుకోవడానికైనా, కోర్టులో తేల్చుకోవడానికైనా సమయం ఉండేది కదా.

చేయాల్సింది కష్టమైన పనేమీ కాదు. కొత్త బ్లాకు ఫీజుల జీవో అంతకు ముందు డిసెంబరులోగా ఇవ్వాలి. జనవరిలో కేసులు పడితే సెలవులకు ముందే తేలే అవకాశం ఉంటుంది. గుర్తింపు పొందిన కాలేజీలు, బ్రాంచీలవారీ సీట్ల జాబితా ఖరారు కాకుండా ఆప్షన్లు తెరవకూడదు. కేసు నడుస్తున్న కాలేజీ పేరు పక్కన కమిటీ ఫీజు, యాజమాన్యం కోరిన ఫీజు రెండూ చూపి, తుది తీర్పును బట్టి మారవచ్చని ఆప్షన్ల పేజీలోనే రాయాలి. మధ్యంతర ఉత్తర్వుతో వసూలు చేసే అదనపు మొత్తం కాలేజీ ఖాతాలోకి పోకుండా విడిగా డిపాజిట్ చేయించమని ప్రభుత్వమే కోర్టును కోరాలి. కేసు ఓడితే వడ్డీతో వాపసు చేస్తామన్న కాలేజీల హామీపత్రాన్ని నమ్ముకుంటే, కోర్సు పూర్తయి ఊళ్లు పట్టిపోయిన పిల్లలు ఆ డబ్బు కోసం ఎవరి చుట్టూ తిరగాలి?

- ఒక పాఠకుడు, హన్మకొండ