స్టేషన్‌లో రాయించే విడాకులు చెల్లవు

సంపాదకులకు,

భార్యాభర్తల గొడవల్లో పోలీసులు తలదూర్చి రాజీలు కుదురుస్తున్నారన్న ఆరోపణలు మళ్లీ వినిపిస్తున్నాయి. చర్చ మాత్రం ఎప్పుడూ 498ఏ (భార్యను భర్త, అత్తింటివారు హింసిస్తే పెట్టే కేసు; ఇప్పుడు భారతీయ న్యాయ సంహిత 85వ సెక్షన్) దుర్వినియోగం చుట్టూనే తిరుగుతోంది. అసలు బెడద కేసు కట్టకముందే మొదలవుతుంది. ఫిర్యాదు తీసుకుంటారు, రసీదు ఇవ్వరు. భర్తకు ఫోన్ చేసి పెద్దమనుషులను వెంటబెట్టుకుని రమ్మంటారు. రెండు మూడు వాయిదాల కౌన్సెలింగ్ అయ్యాక సామాన్ల లిస్టు, బంగారం, ముట్టజెప్పాల్సిన డబ్బు స్టాంపు కాగితం మీద రాయించి ఇద్దరి చేతా సంతకాలు పెట్టిస్తారు. ఇకమీదట ఒకరితో ఒకరికి ఎటువంటి సంబంధం లేదన్న వాక్యం అందులో ఉంటుంది.

ఆ కాగితంతో పెళ్లి రద్దు కాదు. హిందూ వివాహ చట్టం ప్రకారం విడాకులు ఇవ్వాల్సింది కోర్టు. కులాచారం ఉందని రుజువు చేయగలిగితే వేరే మాట, కానీ ఆ రుజువు తేలిక కాదు. పరస్పర అంగీకారంతో విడిపోవాలంటే అదే చట్టంలో 13బి సెక్షన్ ఉంది. ఏడాది విడిగా ఉన్న తర్వాత ఇద్దరూ కలిసి పిటిషన్ వేసి, ఆరు నెలలకు మళ్లీ హాజరై అదే మాట చెప్పాలి. తగిన కేసుల్లో ఈ ఆరు నెలల గడువును మినహాయించవచ్చని 2017లో సుప్రీంకోర్టు చెప్పింది. స్టాంపు కాగితాన్ని నమ్మి మరో పెళ్లి చేసుకున్నవారికి భారతీయ న్యాయ సంహిత 82వ సెక్షన్ కింద ఏడేళ్ల దాకా జైలు పడవచ్చు. అప్పుడు రాజీ కుదిర్చిన అధికారి పేరు ఆ కాగితంలో ఎక్కడా కనిపించదు.

హింస నిజంగా జరిగిన చోట నష్టం ఇంకా ఎక్కువ. వాయిదాలు గడిచేలోపు దెబ్బలు మానిపోతాయి, ఫోన్‌లో మెసేజ్‌లు చెరిగిపోతాయి. చివరికి ఎఫ్ఐఆర్ అయితే ఇన్నాళ్లు ఎందుకు ఆగారన్న ప్రశ్న కోర్టులో ఆమెకే ఎదురవుతుంది.

దాంపత్య వివాదాల్లో ఎఫ్ఐఆర్‌కు ముందు ప్రాథమిక విచారణ జరపవచ్చని సుప్రీంకోర్టు లలితా కుమారి తీర్పు (2013) ఒప్పుకున్న మాట నిజమే. అయితే అది నేరం జరిగిందా లేదా అని తేల్చడానికే. భరణం ఎంతో, బిడ్డ ఎవరి దగ్గర ఉండాలో తేల్చడానికి కాదు. సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహిత 173(3) ప్రకారం దానికి డీఎస్పీ అనుమతి కావాలి, 14 రోజుల్లో ముగించాలి. కేసు కట్టాక కూడా అరెస్టు అవసరం లేకపోతే అదే సంహిత 35(3) కింద నోటీసు ఇవ్వాలి. అది వాట్సాప్‌లో పంపితే చెల్లదని 2025లో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ఫోన్‌లో ‘రేపు పొద్దున స్టేషన్‌కు రా’ అంటే అది నోటీసు కానే కాదు. పిలుపు రాతలో ఇవ్వమని అడగడం ఎదురుతిరగడం కాదు.

ఫిర్యాదు చేసే మహిళ రెండు ప్రతులు తీసుకెళ్లి ఒకదాని మీద స్టేషన్ ముద్ర, తేదీ వేయించుకోవాలి. ఎఫ్ఐఆర్ నిరాకరిస్తే 173(4) కింద ఎస్పీకి పోస్టులో పంపాలి, అక్కడా కదలిక లేకపోతే మేజిస్ట్రేటును ఆశ్రయించాలి. నివాసం, భరణం, రక్షణ ఉత్తర్వులు కావాలంటే 2005 గృహహింస చట్టం కింద ప్రొటెక్షన్ ఆఫీసరు ద్వారా పిటిషన్ వేయవచ్చు. ఈ దారి చాలామందికి ఎవరూ చెప్పరు. చెప్పడం పోలీసుల బాధ్యతని అదే చట్టం 5వ సెక్షన్‌లో ఉంది. న్యాయసేవాధికార సంస్థలో మహిళలకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా లాయరును ఇస్తారు. నంబరు 15100.

రెండు రాష్ట్రాల పోలీసు ఉన్నతాధికారులను కోరేది ఇదే: ప్రతి కౌన్సెలింగ్ జనరల్ డైరీలో (స్టేషన్ రోజువారీ రిజిస్టరులో) తేదీతో సహా నమోదు కావాలి. స్టేషన్ ఆవరణలో డబ్బు, బంగారం చేతులు మారకూడదు. ఒప్పందాలపై సంతకాలు పెట్టించడాన్ని నిషేధిస్తూ లిఖితపూర్వక ఉత్తర్వు ఇవ్వాలి. స్టేషన్లలో సీసీటీవీ రికార్డింగులను కనీసం ఏడాది భద్రపరచాలన్నది 2020 నాటి సుప్రీంకోర్టు ఆదేశం. బలవంతపు సంతకంపై ఫిర్యాదు రాగానే ఆ రోజు ఫుటేజీని విడిగా తీసి ఉంచాలని కూడా పోలీసు ఉన్నతాధికారులు ఇచ్చే ఆ ఉత్తర్వులో చేర్చాలి.

- ఒక న్యాయవాది, ఖమ్మం