సంఘం వార్షిక నివేదిక: సెలవుల ముందు సాయంత్రం, రెండు మూకీ సినిమాలు

సభ్యులందరికీ నమస్కారం.

ఉగాది కార్యక్రమం, రక్తదాన శిబిరం, పార్కు మరమ్మతులు అనుకున్నట్టే పూర్తయ్యాయి. జమాఖర్చులు నోటీసు బోర్డులో ఉన్నాయి. బడులకు వేసవి సెలవులిచ్చే ముందు సాయంత్రం మన హాల్లో పిల్లలకు వేసిన మూకీ సినిమాల గురించి మాత్రం వివరంగా రాస్తున్నాను. వచ్చే ఏడాదీ వేయాలా వద్దా అన్నది మీరే తేల్చాలి.

మొదటిది 1895లో ఫ్రాన్స్‌లో లూయీ లూమియేర్ తీసింది. నిమిషం కూడా ఉండదు. తోటమాలి మొక్కలకు నీళ్లు పడుతుంటే ఒక కుర్రాడు వెనక నుంచి వచ్చి పైపు తొక్కిపెడతాడు. నీళ్లెందుకు ఆగాయా అని మాలి పైపు మూతిలోకి చూస్తాడు. అప్పుడు కాలు తీస్తాడు కుర్రాడు. ముఖం తడిసి, టోపీ ఎగిరిపోతుంది. మాలి వాణ్ణి పట్టుకుని, కెమెరా ముందుకు లాక్కొచ్చి మరీ నాలుగు తగిలిస్తాడు. ముందు వరసలో పిల్లలు "చూడకు, చూడకు!" అని మాలికి అరిచి చెప్పారు. చదువు రాని ఒక నాయనమ్మ కూడా మనవడితో పాటే పగలబడి నవ్వింది. భాష అడ్డం రాలేదు.

రెండోది 1924 నాటి అమెరికా సినిమా 'కమెన్స్‌మెంట్ డే'. నిర్మాత హాల్ రోచ్ 1922లో మొదలుపెట్టిన 'అవర్ గ్యాంగ్' అనే పిల్లల హాస్య సినిమాల వరసలోది. బడి ఆఖరి రోజున పిల్లలు చేసే అల్లరే కథ. నల్లజాతి, తెల్లజాతి పిల్లలు కలిసి ఆడుకోవడం అప్పట్లో తెర మీద అరుదు. అయినా నల్లపిల్లలను ఎగతాళి చేసే ధోరణి ఈ వరసలో ఉంది. ఆ మాట సినిమాకు ముందే పిల్లలకు చెప్పాం. దాచడం కంటే చెప్పడమే మేలని నా గట్టి నమ్మకం.

మొదట బొమ్మ మరీ వేగంగా నడిచి, తెర మీది అక్షరాలు చదివేలోపే మాయమయ్యాయి. అందరికీ టెన్షన్. ఆ రోజుల్లో కెమెరాను చేత్తో తిప్పి, సెకనుకు ఇప్పటిలా 24 కాకుండా తక్కువ బొమ్మలు తీసేవారు. వాటిని ఇప్పటి వేగంతో వేస్తే అంతా పరుగెత్తినట్టు ఉంటుంది. లాప్‌టాప్‌లో వేగం తగ్గించాక సర్దుకుంది. రిటైరైన టీచరమ్మ ఒకరు ఆ అక్షరాలను అప్పటికప్పుడు తెలుగులో చదివి వినిపించారు.

మన దేశంలో సినిమా మీద హక్కు (కాపీరైట్) విడుదలయ్యాక 60 ఏళ్లే కాబట్టి ఈ రెంటికీ ఇబ్బంది లేదు. ఈమధ్య జోడించిన సంగీతానికి వేరే హక్కులుంటాయి. అందుకే శబ్దం కట్టేసి హార్మోనియం వాయించాం. వచ్చేసారి తబలా కూడా కావాలి. వాయించేవాళ్లు కార్యదర్శికి పేరు ఇవ్వండి.