మా 36 మంది పిల్లల తరఫున సారుకు, ఇంకా కొందరికి

జనవరి 23 అన్నమయ్య కీర్తనలకు వరసలు కట్టిన రాళ్లపల్లి అనంతకృష్ణశర్మ గారి జయంతి. ఆయన పుట్టిన రాళ్లపల్లి మాకు దగ్గరే, కంబదూరు మండలం. ఈసారి మా హైస్కూలు పిల్లలతో అన్నమయ్య కీర్తన బృందగానంగా పాడిస్తానని హెడ్మాస్టరు గారి దగ్గర గొప్పగా ఒప్పేసుకున్నాను. నేను తెలుగు టీచర్ని, పద్యం రాగం తీసి చదవగలను, అంతే. నేర్పిస్తానన్న ఒకాయన అడ్వాన్సు తీసుకుని రెండు రోజులొచ్చి, ఆ తర్వాత ఫోన్ ఎత్తడం మానేశాడు. ఇంక పద్దెనిమిది రోజులే ఉంది. ఆ టెన్షన్‌లో రాత్రి పదింటికి వాట్సాప్‌లో పెట్టిన మెసేజ్‌కి తెల్లారేసరికి నాలుగు నంబర్లు వచ్చాయి, పంపినవాళ్లందరికీ ముందుగా దండం. అందులో ఒకటి సారుది.

పేరు రాయొద్దన్నారు, రాయను. ముప్పై ఏళ్లు యూనివర్సిటీలో సంగీతశాస్త్రం చెప్పి రిటైరై అనంతపురంలో ఉంటున్నారు. మరుసటి రోజు మొదటి బస్సుకే కళ్యాణదుర్గంలో దిగారు, చేతిలో గుడ్డసంచి, అందులో పాత శ్రుతిపెట్టె.

మొదటి రోజు పాటే లేదు. అందరి చేతా "అ" అనిపించారు, గంటసేపు! రెండు వేళ్లు నిలువుగా పట్టేంత నోరు తెరవాలని ఒక్కొక్కరి దగ్గరికీ వెళ్లి చూశారు. "తెలుగు మాట అచ్చుతో ముగుస్తుంది టీచరమ్మా, అది కలిసి పాడేవాళ్లకు వరం. కానీ ముప్పై ఆరు నోళ్లు ముప్పై ఆరు రకాల 'అ' అంటే సంతే" అన్నారు. తర్వాత ఊపిరి. అందరూ చరణం మధ్యలో ఒకేసారి పీలిస్తే పాటలో గుంట పడుతుందట, అందుకని వరసల వారీగా ఎవరు ఏ అక్షరం దగ్గర పీల్చాలో పుస్తకంలో పెన్సిల్‌తో గుర్తు పెట్టించారు. గమకాలు, అంటే స్వరాన్ని ఊపి పలకడాలు, చాలా తగ్గించేశారు. ఒక్క గొంతులో అందంగా ఊగేది ఇంతమంది ఊపితే చెదిరిపోతుంది కదా.

ఇక్కడ నా తప్పు ఒకటి చెప్పుకోవాలి. తొమ్మిదో తరగతి మగపిల్లలు నలుగురికి గొంతు మారుతోంది, పాడితే కీచుమంటోంది, పెదవులు మాత్రం కదపండిరా అని చెప్పేశాను. సారు రెండో రోజే కనిపెట్టి నన్ను పక్కకు పిలిచి గట్టిగానే అన్నారు. వాళ్లకు కింది "స", "ప" ఇచ్చి తంబూరా పని, అంటే వెనకాల ఆపకుండా శ్రుతి పట్టడం, అప్పగించారు. వాళ్లు మొదట గొణిగారు, నాలుగు రోజుల్లో మాత్రం క్లాసులో కూడా అదే గుంయ్‌మనడం!

ఉగ్గాని తింటూ ఆయన చెప్పిన సంగతులు ఇంకో ఎత్తు. చిన్నప్పుడు వాళ్లింటి పక్కనే చర్చి, ఆదివారం గోడ ఇవతల నిలబడి నాలుగు రకాల గొంతులు నాలుగు దార్లలో పాడుతుంటే గొడవ కాకుండా పాట ఎలా అవుతోందా అని ఆలోచించేవారట. తర్వాత మద్రాసులో సంగీత దర్శకుడు ఎం.బి. శ్రీనివాసన్ గారి మద్రాస్ యూత్ కొయర్ బృందగానం విన్నారు, అంతే, అటు మళ్లిపోయారు. పగలు మేళకర్త రాగాలు, సంగీతశాస్త్ర గ్రంథాలు చెప్పడం, సాయంత్రం జియాలజీ, లా పిల్లల్ని కూడా పోగేసి పాడించడం. "శాస్త్రం చదివేవాడు పాడడు, పాడేవాడు చదవడు, మధ్య తడిక తీయడమే నా ఉద్యోగం" అని నవ్వారు.

రాళ్లపల్లి వారి గురించి నాకు తెలిసింది ఎంత తక్కువో అప్పుడే తెలిసింది. మైసూరు మహారాజా కాలేజీలో 38 ఏళ్లు తెలుగు చెప్పి, తర్వాత తిరుపతిలో అన్నమయ్య కీర్తనలు చెక్కిన రాగిరేకుల పనిలో కూర్చున్నారు. రేకుల మీద రాగం పేరు ఉంది, వరస లేదు. ఆ రాగాన్ని పట్టుకుని, మాట విరగకుండా వరసలు కట్టి స్వరపరిచారు. 1974లో సంగీత కళానిధి బిరుదు వచ్చింది. మా పిల్లలు పాడింది ఆయన కట్టిన వరసే.

ఆ రోజు స్టేజీ మీద శ్రుతిపెట్టె వద్దన్నారు. అయిదు శ్రుతి ఒక్కసారి వినిపించి ఆపేసి, చెయ్యెత్తారు. పాట బాగా వచ్చింది, జనం చప్పట్లు. దిగాక సారు సంచిలో చెయ్యి పెట్టి పెట్టె నెమ్మదిగా నొక్కి నా చెవి దగ్గర పెట్టారు, పిల్లలు ఆపిన చోటికీ దానికీ తేడా ఉంది. పాట పొడుగునా అర శ్రుతి దిగిపోయారట, నాకు తెలియనే లేదు. "అందరూ కలిసే దిగారు లేమ్మా, తంబూరా వాళ్లతో సహా" అన్నారు.

డబ్బు తీసుకోలేదు, బస్సు చార్జీ కూడా. రోజూ టిఫిన్ పంపిన ఏడో తరగతి పాప వాళ్లమ్మకు, జంపఖానాలు ఇచ్చిన భజన మండలికి, పొద్దుగూకాక పిల్లల్ని ఊళ్లకు దింపిన ఆటో అన్నకు కూడా థ్యాంక్స్.

శ్రుతిపెట్టె మా స్టాఫ్‌రూమ్‌లోనే మర్చిపోయారు. ఫోన్ చేస్తే "ఉండనీ, శనివారం వస్తా కదా" అన్నారు. అనంతపురం నుంచి శనివారం మొదటి బస్సుకు వచ్చేవాళ్లెవరైనా ఉంటే, సారుకు కిటికీ పక్క సీటు ఒకటి ఆపండి.