చిన్నాన్న లేబర్ కార్డు సంగతి

ఒరేయ్ బావా,

నీ ఉత్తరం అందింది. చిన్నాన్న లేబర్ కార్డు కోసం, అంటే భవన నిర్మాణ కార్మికుల బోర్డులో పేరు నమోదుకి, లేబర్ ఆఫీసులో పెట్టిన దరఖాస్తుకి ఇప్పటిదాకా అవుననీ చెప్పలేదు, కాదనీ చెప్పలేదు అని రాశావు. చదివితే ఒళ్లు మండిపోయింది. ఊళ్లో సగం ఇళ్లకి గోడలు లేపిన తాపీ మేస్త్రిని ఒక్క కార్డు కోసం ఇన్నాళ్లు తిప్పుతారా?

ముందు పిన్నికి ఒక మాట చెప్పు. ఈ-శ్రమ్ కార్డు ఉంది కదా అని ధీమాగా ఉండొద్దు. అది అసంఘటిత కార్మికులందరికీ కేంద్రం పెట్టిన నమోదు. భవన నిర్మాణ కార్మికుల సంక్షేమ బోర్డు సాయం కావాలంటే పేరు ఆ బోర్డులోనే ఎక్కాలి. అన్నట్టు, ఆ ఈ-శ్రమ్ కూడా కోర్టు గట్టిగా పట్టుకున్నాకే కదిలింది. 2021 జూన్ 29న సుప్రీంకోర్టు కేంద్ర కార్మిక శాఖ అలసత్వం క్షమించరానిదని తీర్పులోనే రాసి, డిసెంబరు 31లోగా నమోదు ముగించమంది. ఆగస్టులో పోర్టల్ తెరుచుకుంది.

ఇక మన విషయం. చిన్నాన్న దరఖాస్తు పెట్టినప్పుడు నడుస్తున్నది భవన నిర్మాణ కార్మికుల 1996 చట్టం. 2025 నవంబరు 21 నుంచి దాని చోట కొత్త కార్మిక కోడ్‌లు వచ్చాయిగానీ ముఖ్యమైన అర్హత మారలేదు: 18 నిండి 60 నిండని వయసు, గడిచిన 12 నెలల్లో కనీసం 90 రోజుల పని. పాత చట్టం 12వ సెక్షన్ ప్రకారం దరఖాస్తుదారు చెప్పేది వినకుండా తిరస్కరించకూడదు. తిరస్కరిస్తే 30 రోజుల్లో అప్పీలు చేసుకోవచ్చు. మరి ఏ ఆర్డరూ ఇవ్వకుండా ఫైలు పక్కన పడేస్తే దేని మీద అప్పీలు చేస్తాంరా? తిరస్కరించడం కంటే ఈ మౌనమే ఎక్కువ నష్టం చేస్తుంది. పైగా 60 నిండేనాటికి వరసగా మూడేళ్లు సభ్యుడిగా ఉన్నవాళ్లకే ఆ తర్వాత కూడా ప్రయోజనాలు దక్కేలా 14వ సెక్షన్ ఉంది. చిన్నాన్నకి 57 దగ్గరపడుతోంది. నా టెన్షన్ అంతా అదే.

ఇలాంటప్పుడే రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ పిటిషన్ వేస్తాం. చేయాల్సిన పని చేయమని అధికారిని ఆదేశించే మాండమస్ అడుగుతాం. అయితే కోర్టు చేతిలో కార్డు పెట్టదు, ఈ మాట చిన్నాన్నకి ముందే చెప్పు. 90 రోజులు పనిచేశాడా లేదా అని జడ్జిగారు సాక్ష్యాలు విచారించరు. మామూలుగా ఇచ్చే ఆర్డరు ఇన్ని వారాల్లోగా దరఖాస్తు తేల్చమని. అయినా అది చాలా పెద్ద సాయం, ఎందుకంటే గడువు దాటితే కోర్టు ధిక్కారం అవుతుంది. ఆ పిటిషన్‌కి ఇన్నాళ్లలోపు వేయాలనే గడువు చట్టంలో లేదుగానీ, కారణం లేకుండా ఆలస్యం చేస్తే కోర్టు ఆ ఒక్క కారణంతోనే కొట్టేయొచ్చు.

నేరుగా కోర్టుకి పరిగెత్తొద్దు. మీరు ఎప్పుడైనా రాతపూర్వకంగా అడిగారా అన్నది అక్కడ మొదట వచ్చే ప్రశ్న. దరఖాస్తు తేదీ, రసీదు నంబరు వేసి, 90 రోజుల పని సర్టిఫికెట్ నకలు జతచేసి ఒక వినతిపత్రం రాయించు. ఇచ్చి స్టాంపు వేయించుకో, వేయకపోతే స్పీడ్ పోస్టులో పంపు. దాంతోపాటే ఫైలు ఎవరి దగ్గర, ఎప్పటినుంచి ఉందో చెప్పమని సమాచార హక్కు కింద అడుగు. 30 రోజుల్లో జవాబివ్వాలి. ఆ కాగితమే రేపు మన పిటిషన్‌కి బలం. ఆఫీసులో ఎవరైనా పాతది వదిలేసి కొత్తగా పెట్టుకోమంటే మాత్రం ఒప్పుకోకు. పాత తేదీ పోగొట్టుకుంటే ఆ మూడేళ్ల లెక్క దెబ్బతింటుంది.

ఖర్చు గురించి చిన్నాన్న బెంగపడుతున్నాడన్నావు. అమరావతిలో హైకోర్టు న్యాయసేవల కమిటీ ఉంది. ఆదాయం పరిమితిలోపు ఉన్నవాళ్లకి లాయర్‌ని ఉచితంగా ఇస్తారు. ఎస్సీ, ఎస్టీలకీ ఆడవాళ్లకీ ఆదాయంతో పనిలేదు. కాబట్టి ఆయన దగ్గర ఇటుకలు మోసే ఆడకూలీల దరఖాస్తులు కూడా ఆగి ఉంటే వాళ్లని వదలొద్దు. వాళ్ల కాగితాలూ తీసుకురా.

రసీదు, ఆధార్, పని సర్టిఫికెట్ ఫొటోలు తీసి పంపు, వినతిపత్రం నేనే రాసి పెడతాను. అత్తయ్యని అడిగానని చెప్పు.

నీ బావ