చేపల్లో రేడియేషన్ అంటే ఏ చేపలో, ఎంత?

ఎడిటర్ గారికి నమస్కారం.

సముద్రంలో రేడియేషన్ అని వార్త వచ్చినప్పుడల్లా ఒకరోజు సముద్రమంతా విషమైపోయిందని రాస్తారు, మర్నాడు అంతా సేఫ్ అని ఎవరో అధికారి అన్నారని రాస్తారు, చదివేవాళ్ళకి చేప తినాలో మానాలో తెలిసి చావదు. ఏ పదార్థం, ఏ చేపలో, కిలోకి ఎన్ని బెక్వెరెల్స్ (రేడియోధార్మికతని కొలిచే యూనిట్) అన్నది రాయండి సార్.

జపాన్‌లోని ఫుకుషిమా అణు విద్యుత్ ప్లాంట్‌నే తీసుకోండి. 2011లో అక్కడ ప్రమాదం జరిగి సముద్రంలో కలిసిన సీజియం-137 అనే రేడియోధార్మిక పదార్థం సగానికి తగ్గడానికే సుమారు 30 ఏళ్ళు పడుతుంది. నీళ్ళలో చాలావరకు పలచబడిపోయింది నిజమే, కానీ కొంత అడుగున బురదలో చేరింది, ఆ బురదలో పురుగుల్నీ పీతల్నీ తిని బతికే అడుగు చేపల్లో అది ఏళ్ళ తరబడి కనిపిస్తూనే వచ్చింది, పైపైన తిరిగే చేపల్లో త్వరగా తగ్గింది. జపాన్‌లో చేపల్లో సీజియానికి లిమిట్ కిలోకి 100 బెక్వెరెల్స్. 2023 మేలో ఆ ప్లాంట్ హార్బర్ లోపల పట్టిన ఒక రాక్‌ఫిష్‌లో 18,000 వచ్చింది, ప్రమాదం జరిగిన 12 ఏళ్ళకి! అదే సమయంలో మార్కెట్‌కి వెళ్ళే చేపలు దాదాపు అన్నీ లిమిట్ కంటే చాలా కిందే ఉన్నాయి. ఈ రెండూ పక్కపక్కన వేస్తేనే కదా జనానికి సంగతి తెలిసేది.

ఇంకోటి, ఎక్కువగా టెస్ట్ చేసేది సీజియమే ఎందుకంటే అది మెషీన్‌లో త్వరగా తెలుస్తుంది. స్ట్రాన్షియం-90 అనే ఇంకో రేడియోధార్మిక పదార్థం అలా కాదు, దాన్ని కెమికల్స్‌తో విడదీసి చూడాలి, టైమ్ పడుతుంది. సీజియం కండలో ఉంటుంది, స్ట్రాన్షియం కాల్షియం లాగే ముల్లులోకి పోతుంది. మరి ముల్లుతో సహా నమిలి తినే చిన్న చేపల సంగతేంటి, కండ ఒక్కటీ టెస్ట్ చేసి సేఫ్ అంటే ఎలా ఒప్పుకుంటాం?

ఆ ప్లాంట్ ట్యాంకుల్లో నిలవున్న నీళ్ళని 2023 ఆగస్టు నుంచి సముద్రంలోకి వదులుతున్నారు, వాటి విషయంలో అందరూ ట్రిటియం ట్రిటియం (రేడియోధార్మిక హైడ్రోజన్) అంటున్నారు. దాన్ని లీటరుకి 1,500 బెక్వెరెల్స్ లోపు ఉండేలా పలచన చేసి వదులుతున్నారు, నాకు దానిమీద అంత భయం లేదు. ట్యాంకుల్లో చాలా నీళ్ళని మళ్ళీ శుద్ధి చేయాల్సి ఉందని 2018లో ఆ ప్లాంట్ నడిపే టెప్కో కంపెనీయే ఒప్పుకుంది, నా భయమల్లా ఆ నీళ్ళలో మిగిలిన మిగతా రేడియోధార్మిక పదార్థాల గురించే.

కాబట్టి కంపెనీతో సంబంధం లేని ల్యాబులు ముల్లుతో సహా టెస్ట్ చేయాలి, చేప రకం వారీగా, పట్టిన చోటు వారీగా లెక్కలు బయటపెట్టాలి, ఏళ్ళ తరబడి ఆపకుండా చేయాలి. మీ పేపర్ ఆ లెక్కలు అడగాలి, వచ్చినవి వచ్చినట్టు అచ్చు వేయాలి.

ఇట్లు,
మీ పాఠకుడు