సింగపూర్ శనివారం తెలుగు బడి వార్తాలేఖ: గోడ మీది సున్నాల సంగతి

తల్లిదండ్రులందరికీ నమస్కారం.

పోయిన శనివారం పెద్ద పిల్లలు గీసి తరగతి గోడ మీద అంటించిన పద్నాలుగు సున్నాల ఫోటో రెండు వాట్సాప్ గ్రూపుల్లో తిరిగింది. "తెలుగు బడిలో చైనా రాతలేమిటి?" అని కొందరు అడిగారు. "దీనికేనా ఫీజు కట్టేది?" అని ఇంకొందరు రాశారు. అడగడం మంచిదే. నేరుగా బడికే రాసి ఉంటే ఇంకా బాగుండేది. ఆ గోడ మీద చైనా అక్షరం ఒక్కటీ లేదు. ప్రతి సున్నా కింద రెండేసి తెలుగు వాక్యాలున్నాయి. ఫోటోలో అవి పడలేదు.

ఫీజు నెలాఖరులోగా పేనౌ (ఫోనులో డబ్బు పంపే పద్ధతి) చేయండి, పిల్లల పేరు తప్పకుండా రాయండి. వచ్చే శనివారం మన హాలు ఖాళీ లేదు, మూడో అంతస్తు గదికి రండి. నీళ్ల సీసా ఎవరిది వాళ్లే తెచ్చుకోవాలి.

ఇక సున్నాలు. ఈ టర్మ్‌లో పదమూడేళ్లు దాటిన పిల్లలు మూడు చైనా రచనలు ఇంగ్లీషు అనువాదంలో చదివి, తెలుగులో చర్చిస్తున్నారు. మూడింటికీ మూలం ఒకటే ప్రశ్న: లిపికీ మనిషి ఉనికికీ ఏమిటి సంబంధం? సింగపూర్‌లో మన పిల్లలు రోజూ చైనా అక్షరాల బోర్డుల కిందే తిరుగుతారు, కొందరు బడిలో మూడో భాషగా నేర్చుకుంటున్నారు కూడా. బడిలో మాతృభాషగా తెలుగు తీసుకునే వీలు ఇక్కడ లేదు, హిందీ, తమిళం లాంటి ఇంకో భాష ఎంచుకోవాలి. ఆ ప్రశ్న వాళ్లకు పుస్తకంలోది కాదు.

మొదటిది లూ షున్ 1921-22లో రాసిన 'ఆ క్యూ' అనే మనిషి కథ. కథకుడికి తన కథానాయకుడి ఇంటిపేరు తెలియదు. తనది జావో ఇంటిపేరని అతను చెప్పుకుంటే, ఊళ్లోని జావో ఇంటి పెద్ద చెంప పగలగొట్టాడు. పేరు చెవికి వినిపిస్తుంది గాని, ఏ అక్షరంతో రాయాలో తెలియదు. ఒకే ఉచ్చారణకి పూలచెట్టు అనే అర్థమున్న అక్షరమూ ఉంది, గొప్పవాడు అనే అర్థమున్న అక్షరమూ ఉంది. మన లిపిలో ఈ చిక్కు రాదు, వినిపించింది రాస్తాం. అక్కడ అర్థం తెలియకుండా పేరు రాయలేరు. చివరికి కథకుడు విదేశీ అక్షరం క్యూ (Q) పెట్టి సరిపెట్టాడు. కథ చివర 'ఆ క్యూ'ని దోపిడీ కేసులో ఇరికించి, కాగితం మీద సంతకం పెట్టమంటారు. రాయడం రాదంటే సున్నా చుట్టమంటారు. కుంచె ఎన్నడూ పట్టని చేయి వణికి, సున్నా పుచ్చగింజలా వస్తుంది. ప్రాణం మీదికొచ్చిన ఆ వేళ అతని బాధ సున్నా గుండ్రంగా రాలేదనే.

అందుకే పిల్లలు అలవాటులేని చేత్తో, అందరూ చూస్తుండగా, ఒక్కసారే సున్నా గీశారు. ఒక్కటీ గుండ్రంగా రాలేదు. తర్వాత కింద రాశారు. ఏడో తరగతి ఈడు అమ్మాయి రాసింది చూడండి: "మా ముత్తవ్వ పొలం కాగితాల మీద ఆమె పేరు ఎవరో రాశారు. వేలు ఒక్కటే ఆమెది." పేరు వేయను, చదివితే తనకు తెలుస్తుంది. ఆ వాక్యంలో ఒక్క ఒత్తు కూడా తప్పు లేదు.

రెండోదీ లూ షున్‌దే, 'కోంగ్ యీజీ' అనే 1919 నాటి కథ. కోంగ్ పరీక్షలు గట్టెక్కని పండితుడు. అతని మారుపేరే పిల్లలు దిద్దుకునే అక్షరాల కాగితంలోంచి ఊళ్లోవాళ్లు తీసి పెట్టారు. సారా దుకాణం కుర్రాణ్ణి, సోంపు వేసి ఉడికించిన గింజల పేరులో 'హుయ్' ఎలా రాస్తారని అడుగుతాడు. పైన గడ్డి గుర్తు, కింద హుయ్ శబ్దమిచ్చే అక్షరం అని కుర్రాడు విసుగ్గా చెబుతాడు. చైనా అక్షరాల్లో ఎక్కువ భాగం ఇలాగే ఉంటాయి, ఒక ముక్క అర్థానికి, ఒక ముక్క శబ్దానికి. ఆ కింది అక్షరాన్ని నాలుగు రకాలుగా రాయవచ్చు, తెలుసా అని కోంగ్ సంబరపడతాడు. వినేవాడు లేడు. దుకాణం పలక మీద మిగిలింది పంతొమ్మిది నాణేల బాకీ.

కన్ఫ్యూషియస్ బోధన పోవాలంటే ముందు అక్షరాలే పోవాలని చైనా భాషా పండితుడు ఛియెన్ షువాన్‌తోంగ్ 1918లో రాశారు. లూ షున్‌ను కథలు రాయమని పట్టుబట్టినదీ ఆయనే. అదే కాలంలో మన గిడుగు రామమూర్తిగారు అరసున్నల పాండిత్యంతో పోరాడుతున్నారు. అయితే గిడుగుగారు వాడుక మాటకు చోటు అడిగారు, లిపిని తీసేయమనలేదు. చైనాలో 1956 నుంచి అక్షరాలు సులభతరం చేశారు. ప్రేమ అనే అక్షరం మధ్యలోంచి హృదయం గుర్తు పోయిందని, పాత అక్షరాలే వాడే తైవాన్‌లో నేటికీ బాధపడతారు. నిజానికి ఆ గుర్తు లేని రూపం గొలుసుకట్టు రాతలో ఎప్పటినుంచో ఉంది. ఈ రెండు మాటలూ పిల్లలకు చెప్పాం, ఎటువైపో వాళ్లే తేల్చుకోవాలి.

ఇప్పుడు మీ ఇళ్ల సంగతికి వస్తాను. ఫోనులో చైనావాళ్లు చాలామంది ఇంగ్లీషు అక్షరాల్లో శబ్దం కొట్టి, తెర చూపిన వాటిలోంచి అక్షరం ఎంచుకుంటారు. కన్ను గుర్తుపడుతుంది, చేయి మరిచిపోతుంది. కలం ఎత్తగానే అక్షరం గుర్తురాకపోవడానికి వాళ్ల భాషలో నాలుగక్షరాల మాటే ఉంది. మన పిల్లలకూ అదే జరుగుతోంది. తరగతిలో 'అమ్మమ్మ' చదివినవాళ్లు రాయమంటే ఒత్తు దగ్గర ఆగిపోతున్నారు. ఎందుకంటే ఇంట్లో వాళ్లకు వచ్చే ప్రతి సందేశమూ ఇంగ్లీషు అక్షరాల తెలుగే. మీరు అలసిపోయి వస్తారని తెలుసు. కానీ వారానికి గంటన్నర మేం నేర్పింది మిగతా వారమంతా మీరు చెరిపేస్తుంటే ఏ బడీ నిలబడదు. తెలుగు లిపిని రద్దు చేయాలని ఎవరూ చట్టం చేయనక్కర్లేదు, మన బొటనవేళ్లు చాలు. దయచేసి పిల్లలకు రాసే సందేశం తెలుగు లిపిలో రాయండి. ఫోనులో కొట్టడం రాదంటే చేత్తో రాసి ఫోటో పంపండి.

మూడోది హాన్ షావోగోంగ్ 1996లో తెచ్చిన నిఘంటువు రూపంలోని నవల. హునాన్‌లోని మాఛియావో అనే పల్లె మాటలే ఆ నిఘంటువులోని పదాలు, వాటి వివరణల్లోనే కథ. ఆ పల్లెలో 'మెలకువ' అంటే తెలివితక్కువతనం. దగ్గరున్నవాడికి ఒక మాట, దూరాన ఉన్నవాడికి ఇంకో మాట. ప్రామాణిక చైనీస్‌లో ఆ తేడా లేదు. "ఇతను, అతను! మనకుందిగా!" అని వెనక బెంచీలోంచి అరిచిన అబ్బాయికి క్లాసంతా చప్పట్లు కొట్టింది. వాడు గత ఏడాది దాకా నోరు విప్పేవాడు కాదు.

ఆ నవల పద్ధతిలోనే పిల్లలు తమ ఊరి మాటలతో చిన్న నిఘంటువు కడుతున్నారు. ఒక్కొక్కరు పన్నెండు మాటలు, మాటకో అట్టముక్క. అమ్మమ్మకో తాతయ్యకో ఫోన్ చేసి వినాలి, వినిపించినట్టే పెన్నుతో రాయాలి, ఎవరు ఏ ఊళ్లో ఏ సందర్భంలో అంటారో రాయాలి, చివర ఆ మనిషి అన్న వాక్యం. తప్పు రాస్తే కొట్టేసి పక్కన రాయాలి, అట్ట మార్చకూడదు. మొదటి విడతలో 'రోంత'ను 'కొంచెం' అని, 'గుంట'ను 'అమ్మాయి' అని, 'పైలం'ను 'జాగ్రత్త' అని దిద్ది పంపారు మీలో కొందరు. పుస్తక భాష మా దగ్గర చాలానే ఉంది, మాకు కావలసింది మీ అమ్మగారి మాట. దిద్దిన ఆరు అట్టలూ తిప్పి పంపుతున్నాం, పిల్లల చేతే మళ్లీ రాయించండి.

అట్టలు వచ్చే శనివారం, మూడో అంతస్తు గదిలో, తరగతి మొదలవకముందే టీచరుగారికి అందాలి.

ప్రధానోపాధ్యాయిని